బుగ్గన చుక్క

మా ఇంట్లో కాటుక బరిణె పెద్దామె చేతిలోనే ఉంటుంది. మా అత్త బతికి ఉన్నన్నాళ్ళూ ఆమె బొడ్డుసంచిలో ఉండేది, ఆమె పోయాక నా బొడ్డుసంచిలోకి వచ్చింది. దీపావళి ముందు ఆముదం దీపం మీద ఇత్తడి పళ్ళెం బోర్లించి, దానికి పట్టిన మసిని వెన్నతో నూరి బరిణెలోకి ఎత్తుకుంటాం. పాలవాళ్ళ ఇల్లు కదా, వెన్నకేం కరువు! ఇంటి ఆడపిల్లలందరికీ ఆ ఒక్క బరిణెలోంచి, పెద్దామె వేలితోనే కాటుక. ఎప్పుడో ఒక దీపావళికి పెద్దామె కొత్త బరిణె ఒకటి తెప్పించి పిల్ల చేతిలో పెట్టి, "ఇగ నీది నువ్వే పెట్టుకో" అంటుంది. ఆ మాట అన్నాక ఆ పిల్ల పౌడరు రాసుకున్నా, తిలకం దిద్దుకున్నా అడిగేవాళ్ళు లేరు. ఆ మాట పడేదాకా మాత్రం అద్దం ముందు ఎక్కువసేపు నిలబడినా వీపు మీద ఒకటి పడుతుంది. ఇందులో మగవాళ్ళ మాట చెల్లదు. మా ఆయన అన్నం గిన్నె విసిరికొట్టేంత కోపిష్టి. ఆయన కూడా ఈ ఒక్క సంగతిలో ఎన్నడూ నోరెత్తలేదు.

అలాంటి ఇంట్లో, ఎమర్జెన్సీ పోయిన ఏడాది, దసరా వెళ్ళీ వెళ్ళగానే, నా మనుమరాలు బాలమణి ఒకరోజు పొద్దున్నే పెదాలకు ఎర్రగా లిప్‌స్టిక్ పూసుకుని బర్రెల కొట్టంలోకి నడిచి వచ్చింది.

గౌలిపురలో మాకు ఇల్లూ కొట్టమూ ఒకటే, మధ్యలో ఒక గోడ అడ్డం, అంతే. నా కొడుకు భిక్షపతి మా దున్నపోతు కొమ్ములను గాజుపెంకుతో గీకుతున్నాడు. దాని పేరు నవాబు. దీపావళి వెళ్ళిన వెంటనే సదర్ కదా. పాలవాళ్ళందరూ తమ దున్నపోతులను సింగారించి, డప్పులు కొట్టించుకుంటూ ఊరేగించే పండుగ అది. ఎవరి పోతు ఎంత నల్లగా మెరిసింది, ఎవరి పోతు ముందరి కాళ్ళెత్తి ఎంత ఎత్తుకు లేచింది, ఇవే ముచ్చట్లు మళ్ళీ సదర్ దాకా నడుస్తాయి. కోడలు లీలమ్మ ఒక మూల పాలు పిండుతోంది. నేను గడప మీద కూర్చుని తాడు పేనుతున్నాను. గల్లీలో ఉండే జైనబ్ బీ ఇంట్లో పాలు పోసి, ఖాళీ చెంబు ఊపుకుంటూ వచ్చి నిలబడింది బాలమణి.

"ఓయమ్మో, ఏందే గా మూతి?" అని లీలమ్మ అరిచేసరికి బర్రె కాలు విదిలించింది. "రక్తం కారుతుందనుకున్న గదనే!"

"లిపిస్టిక్," అంది బాలమణి. పెదాలు కదిపితే రంగు ఎక్కడ రాలిపోతుందో అన్నట్టు మూతి బిగించి మాట్లాడింది. "జైనబ్ బీ వాళ్ళ రజియాక్క ఇచ్చింది. లగ్గానికి కొత్తయి వచ్చినయంట. గిది సగమైపోయిందని నాకిచ్చింది."

"తుడువ్ ముందుగాల," అన్నాడు భిక్షపతి, కొమ్ము మీద నుంచి చూపు తిప్పకుండానే. "ఇంక బుడ్డపోరివి. నీకెందుకే గీ షోకులు?"

"మరి నవాబుకెందుకు బాపు?"

"ఏంది?"

"కొమ్ములకు రంగేస్తవ్. మెడల గవ్వల పట్టెడ కడ్తవ్. కాళ్ళకు గజ్జెలు. నెత్తి మీద నెమలీకలు. గాడు దున్నపోతు. నేను ఆడపిల్లని. గాడికి ఉండొచ్చు గని నాకుండొద్దా?"

భిక్షపతి చేతిలో గాజుపెంకు ఆగిపోయింది. నవాబు కూడా మెడ తిప్పి ఆ పిల్లనే చూశాడు. నాకు నవ్వు ఆగలేదు.

"నువ్వు గిట్ల నవ్వవట్టే అది గట్ల తయారైంది అత్తమ్మా," అని లీలమ్మ నా మీద పడింది. "రేపు పౌడరంటది, ఎల్లుండి ఎత్తుచెప్పులంటది. గల్లీల అందరు ఏమనుకుంటరు?"

నేను పిల్లను దగ్గరకు పిలిచాను. ఆ రంగు నీళ్ళతో పోయేది కాదు. చిటికెడు వెన్న తీసి పెదాలకు రుద్ది, కొంగుతో తుడిచాను. ఏడవలేదు కానీ కళ్ళలో నీళ్ళు నిలిపి, గుప్పిట మాత్రం విప్పలేదు. ఒక్కొక్క వేలే విప్పి, ఆ లిప్‌స్టిక్ ముక్క తీసుకుని నా బొడ్డుసంచిలో కాటుక బరిణె పక్కన వేసుకున్నాను.

"పారెయ్యను బిడ్డా, నా తాన ఉంటది. టైమొచ్చినప్పుడు ఇస్త."

"టైమెప్పుడొస్తది?"

"నాకెర్కైతది."

"ఎట్ల ఎర్కైతది?"

"బర్రె ఎప్పుడు ఈనుతదో నాకెట్ల ఎర్కైతదో, గట్లనే."

"నేను బర్రెనా?" అని కాలు నేలకేసి కొట్టి లోపలికి పోయింది.

నిజం చెప్పాలంటే ఎట్లా ఎరుకవుతుందో నాకూ తెలియదు. మా అత్త నాకు బరిణె ఇచ్చినప్పుడు ఏం చూసి ఇచ్చిందో ఆమె చెప్పలేదు, నేను అడగలేదు. కానీ టైమొస్తే తెలుస్తుందన్న నమ్మకం మాత్రం నాకు గట్టిగా ఉంది. ఎన్ని ఈతలు చూసిన దాన్ని!

సాయంత్రం భిక్షపతికి కూతురి మొహం చూసి జాలేసినట్టుంది. "గంత షోకుంటే నవాబుకు చెయ్యి. ఈసారి సింగారమంత నీదే," అన్నాడు. ఏదో పిల్లను మరిపించడానికి అన్న మాట అది. బాలమణి దాన్ని పట్టుకుంది, వదల్లేదు.

బడి నుంచి రావడం, పుస్తకాల సంచి గూట్లో పడేయడం, జుట్టంతా నడినెత్తిన ముడేసుకోవడం, అమ్మ పాత చీర ముక్క నడుముకు చుట్టుకోవడం, పీట ఎక్కి నవాబు పక్కన నిలబడడం. దసరా నుంచి దీపావళి దాకా ఇదే పని. పెరుగు రుద్ది కడిగింది. ఒళ్ళంతా నూనె పట్టించింది. కొమ్ములకు అందరిలాగా పచ్చరంగు గుమ్మరించలేదు. మొదలు దగ్గర సన్నగా తెల్ల గీత, దాని మీద ఎర్ర గీత, కొన దగ్గరకు వచ్చేసరికి గాజుల అంగడిలో గాజులు దొంతర పెట్టినట్టు గీతలు దగ్గర దగ్గరగా. పత్తర్‌గట్టికి పోయినప్పుడు అక్కడ చూసిందట, మనసులో పెట్టుకుంది. నా దగ్గర కాటుక అడిగి తీసుకుని ఆ పోతు కళ్ళ చుట్టూ దిద్దింది. దున్నపోతు నలుపు, కాటుక నలుపు, ఏం కనిపిస్తుందే అన్నాను. "గాడికి ఎర్కైతది నానమ్మా," అంది. నిజంగానే ఆ పోతు కళ్ళు మూసుకుని, మెడ చాచి, పెళ్ళికొడుకులా పెట్టించుకునేది. భిక్షపతి మీద మాత్రం బుస్సుమని లేచేది.

చూడడానికి జనం రావడం మొదలైంది. ముందు మా గల్లీ వాళ్ళు, ఆ తర్వాత పక్క గల్లీల పాలవాళ్ళు. "భిక్షపతన్నా, ఈసారి మేమంత ఇంట్లనే కూసుంటం, సదర్ నీదే పో," అని వాళ్ళంటుంటే నా కొడుకు మీసం తిప్పుకుంటూ తిరిగాడు. "మా పోరి చేసింది. మస్తు పనితనం ఉన్నది దానికి," అని వచ్చిన ప్రతి వాడికీ చెప్పాడు.

అట్లా వచ్చిన వాళ్ళలో పురానాపూల్ కైలాసం ఒకడు. పెద్ద కొట్టం, పెద్ద పేరు. ఎన్నో సదర్లలో వాళ్ళ పోతే ముందు నడిచింది. గుమ్మంలో నిలబడి మా నవాబును చూశాడు. పీట మీద నిలబడి కొమ్ముకు రంగు వేస్తున్న బాలమణిని చూశాడు. ఛాయ్ తాగి, మంచి మాటలు మాట్లాడి వెళ్ళిపోయాడు. మర్నాడు సంబంధాల బసవయ్య వచ్చి మా అరుగు మీద కూర్చున్నాడు.

"దేవుడిచ్చిన సంబంధం భిక్షపతీ," అన్నాడు బసవయ్య. "కైలాసమన్న చిన్నకొడుకు. పోరడు బంగారం. ఏం అడుగుతలేరు. పోరి చేతుల లచ్చిమి ఉన్నదన్నడు కైలాసమన్న. గీ ఐతారం వాళ్ళమ్మను తీస్కొని వస్తడంట. మాఘంల లగ్గం."

"పోరి ఏడో తరగతి రా బసవయ్యా," అన్నాను నేను.

"అయితేంది పెద్దమ్మా? పదిల చేసేది ఏడుల చేస్తున్నం. వాళ్ళింట్ల బర్రెలున్నయి, మనుషులున్నరు. ఫికరేంది?"

నేను భిక్షపతి వైపు చూశాను. వాడి ముఖం దీపం పెట్టినట్టు వెలుగుతోంది. కైలాసంతో వియ్యమంటే మాటలా! "రమ్మను," అనేశాడు. ఒకసారి పాలవాళ్ళ మధ్య మాట ఇస్తే అంతే. చూడటానికి వస్తామన్న వాళ్ళను రావద్దంటే పగ. వచ్చి చూశాక కాదంటే ఇంకా పెద్ద పగ. రెండు కొట్టాల మధ్య లొల్లి రెండు తరాలు నడుస్తుంది. బసవయ్య వెళ్ళాక కొడుక్కి చెప్పి చూశాను.

"దానికి ఇంక బొమ్మలాట పోలే రా. మొన్ననే గద బుడ్డపోరివన్నవ్."

"గది షోకుల సంగతి అమ్మా. గిది సంబంధం సంగతి. నీకెర్క లేదు, జర ఊకో."

లీలమ్మ వైపు చూశాను. ఆమె తల వంచుకుని బియ్యం ఏరుతోంది. ఆమె పెళ్ళినాటికి ఆమె వయసెంతో నాకు గుర్తుంది. సంబంధాల దగ్గర మగవాళ్ళదే మాట. సరే, ఊరుకున్నాను. ఊరుకుని, నా మాట చెల్లేది ఎక్కడా అని ఆలోచిస్తూ కూర్చున్నాను.

ఆదివారం వచ్చింది. లీలమ్మ పొద్దున్నే పిల్లకు తలంటు పోసి, తన పెళ్ళి పట్టుచీర పెట్టెలోంచి తీసింది. ఎక్కడి నుంచో పౌడరు డబ్బా, స్నో సీసా తెచ్చింది. తెచ్చి నా ముందు చెయ్యి చాపింది.

"అత్తమ్మా, గా లిపిస్టిక్ ఇయ్యి."

"ఏంది లీలమ్మా?"

"గదే, మొన్న గుంజుకున్నవ్ గద. జరంత పెడ్త. కొంచెం పెద్దగ అనిపిస్తది పోరి."

"మొన్న పెట్టుకుంటే గల్లీల పరువు పోతదన్నవ్."

"మొన్న వేరు అత్తమ్మా." ఆమె పౌడరు డబ్బా మూత తిప్పింది. "ఇయ్యాల వేరు."

భిక్షపతి బయటి నుంచి కేకేశాడు. "ఇంక కాలేదా? పోరి ముఖానికి మంచిగ పౌడరు గిట్ల కొట్టి, కొప్పు పెట్టున్రి. చీర కట్టున్రి!"

నేను లేచాను. లేచి గుమ్మం దగ్గరికి పోయి చెప్పాను. "భిక్షపతీ, నీ అయ్య ఉన్నప్పటి సంది గీ ఇంట్ల ఆడపిల్ల సింగారం ఎవలది?"

"నీదే అమ్మా."

"అయితే నువ్వు బయట కూసో. లీలమ్మా, నువ్వు పోయి ఛాయ్ పెట్టు. పోరిని నేను తయారు జేస్త."

తలుపు దగ్గరగా వేసి బాలమణిని పీట మీద కూర్చోబెట్టుకున్నాను. లిప్‌స్టిక్ ఇయ్యమన్న మాట దాని చెవిన పడింది. ముఖం వెలిగిపోతోంది. ఎందుకు ముస్తాబు చేస్తున్నారో తెలియని పిల్ల కాదు, గల్లీలో పెరిగింది. కానీ లగ్గం అనేది దానికి ఎక్కడో పురానాపూల్ అవతల ఉంది. లిప్‌స్టిక్ ఇక్కడ, నా బొడ్డుసంచిలో, చేతికందే దూరంలో ఉంది.

"నానమ్మా, టైమొచ్చిందా?"

"చెప్త గని ముందు నువ్వు చెప్పు. లిపిస్టిక్ ఎందుకు కావాలె నీకు?"

నేనేదో పెద్ద జవాబు కోసమే చూస్తున్నాననుకుంది కాబోలు, నుదురు ముడేసింది. చివరికి భుజాలు ఎగరేసి, "ఊకెనే. ఎర్రగుంటది గద!" అంది.

అంతే. బర్రె ఈనే ముందు ఎట్లా ఎరుకవుతుందని అడిగింది కదా, ఇట్లానే అవుతుంది. టైము ఇంకా రాలేదు.

"కళ్ళు మూసుకో," అన్నాను.

పట్టుచీర మడిచి పెట్టెలో పెట్టేశాను. బడికి వేసుకునే లంగా జాకెట్టే, ఉతికినది, వేశాను. కొప్పు పెట్టలేదు. నడుమ పాపిట తీసి, రెండు జడలు గట్టిగా అల్లి, చెవుల దగ్గరికి మడిచి, ఎర్ర రిబ్బన్లు పువ్వుల్లా కట్టాను. పౌడరు కొంచెం అద్దాను. అయ్యో, ఆ వాసనకు ఎంత సంబరపడిందో! తర్వాత బరిణె మూత తీశాను. కళ్ళకు కాటుక కొట్టొచ్చినట్టు పెట్టాను. ఇంకోసారి వేలు ముంచి, దాని కుడి బుగ్గ మీద, పెసరగింజంత కాదు, శనగగింజంత నల్లటి చుక్క పెట్టాను.

దిష్టిచుక్క. ఉయ్యాలలోని పిల్లకు పెడతాం. తప్పటడుగులు వేసే పిల్లకు పెడతాం. అడిగి వచ్చిన వాళ్ళకు చూపించే పిల్లకు ఏ ఇంట్లోనూ పెట్టరు. ఆ చుక్క ఉన్న ముఖాన్ని కోడలిగా ఎవ్వరూ అడగరు. అది ఇంటి పెద్దామె అందరి ముందూ చెప్పే మాట: ఈ పిల్ల ఇంకా నా ఒడిలోదే అని.

"అద్దం సూపెట్టు నానమ్మా."

"తర్వాత. ముందు అందరు నిన్ను చూడనియ్యి."

పెదాలకు లిప్‌స్టిక్ రాశానని దాని నమ్మకం. నేను రాసింది వెన్న. తల నిటారుగా పెట్టుకుని, మూతి బిగించుకుని, మహారాణిలా నడుచుకుంటూ బయటికి పోయింది. నేను వెనకాల నడిచాను.

ముందు భిక్షపతి చూశాడు. వాడి నోరు తెరుచుకుంది, కానీ ఎదురుగా కైలాసం, పక్కన బసవయ్య, చాప మీద కైలాసం తల్లి లచ్చమ్మ. మాట బయటికి రానియ్యలేక గుటకేశాడు. లీలమ్మ ఛాయ్ పళ్ళెం పట్టుకుని గుమ్మంలో ఆగిపోయింది.

కైలాసం కళ్ళు చికిలించి చూశాడు. "గీ పోరేనా? మొన్న కొట్టంల జర పెద్దగ కనవడ్డది గద?"

"పీట మీద నిలబడ్డది గదనే కైలాసమన్నా," అన్నాడు బసవయ్య గొణుగుతూ.

లచ్చమ్మ చాప మీద ముందుకు జరిగింది. నాకంటే పెద్దది ఆమె. ముఖమంతా ముడతలు, ముక్కుకు రెండు పక్కలా పుడకలు. "రా బిడ్డా, గిట్ల కూసో," అని బాలమణిని తన ముందు చాప మీద కూర్చోబెట్టుకుంది. రిబ్బన్లు చూసింది. కళ్ళు చూసింది. బుగ్గ దగ్గర ఆమె చూపు ఆగింది. అక్కడి నుంచి నెమ్మదిగా నా మీదికి వచ్చింది. నేను కళ్ళు దించలేదు.

లచ్చమ్మ బాలమణి గడ్డం పట్టుకుని ఆ బుగ్గను నా వైపు తిప్పింది.

"వదినె," అంది లచ్చమ్మ. "చుక్క పెట్టినవ్."

"చిన్నపోరి గద వదినె. అందరు చూస్తున్రు. దిష్టి తగుల్తదేమో అని."

"మంచి పని జేసినవ్." తల ఊపింది. "నా బుగ్గ చుక్క మా అమ్మ నా లగ్గం పందిట్లనే తుడిచింది. పీటల మీద కూసున్నది యాదికి లేదు నాకు. నిద్రపోయిన్నంట." తన చేతుల వైపు చూసుకుంది ఒక్క క్షణం. తర్వాత నా వైపు చెయ్యి చాపింది. "ఏదీ, గా బరిణె గిట్లియ్యి."

ఇచ్చాను. వేలి కొసకు కాటుక తీసుకుని, బాలమణి కాలు పట్టి ముందుకు గుంజింది.

"అరికాలికి మర్చినవ్ వదినె," అని అరికాలి మధ్యలో ఒక చుక్క పెట్టింది.

ఆ ముసలి వేలు తగిలేసరికి బాలమణికి చక్కిలిగింత పుట్టింది. అప్పటిదాకా బిగబట్టిన మహారాణితనమంతా పోయింది. కిలకిల నవ్వుతూ, కాలు గుంజుకుంటూ, చాప మీద వెల్లకిలా పడిపోయింది. బసవయ్య నవ్వాడు. ఛాయ్ పళ్ళెం పట్టుకున్న లీలమ్మ నవ్వింది, నవ్వి కొంగుతో కళ్ళొత్తుకుంది.

"ఏంది రా కైలాసం," అంది లచ్చమ్మ కొడుకుతో. "పాలు మరవని దుడ్డెను చూపెట్టనీకి నన్ను గింత దూరం నడిపిస్తివా?"

కైలాసం తల గోక్కున్నాడు. "నవాబును చూద్దువు రా అమ్మా. గాడినైతే చూడాలె," అన్నాడు. అందరూ లేచి కొట్టంలోకి పోయారు. పోతును చూశారు, కొమ్ముల గీతలు మెచ్చుకున్నారు, ఛాయ్ తాగారు. పోయేటప్పుడు లచ్చమ్మ నా చెయ్యి పట్టుకుని, "సదువుకోనియ్యి పోరిని. దానికి బరిణె ఇచ్చిననాడు నాకు ఖబర్ చెయ్యి. బతికుంటే నేనే వచ్చి చూసిపోత," అంది.

వాళ్ళు గల్లీ మలుపు తిరిగారో లేదో, భిక్షపతి అందుకున్నాడు. "పరువు తీసినవ్ గద అమ్మా!"

"ఎట్ల తీసిన్రా? వాళ్ళను వద్దంటినా? వాళ్ళు వద్దన్నరా? నువ్వన్నవా? ఎవ్వలన్న కాదన్నరా ఇక్కడ?"

నిజమే మరి, కాదన్న మాట ఎవరి నోటా రాలేదు. వాడు తువ్వాలు దులిపి భుజాన వేసుకుని కొట్టంలోకి పోయాడు. లీలమ్మ ఛాయ్ గిన్నెలు ఏరుతూ, నా వైపు చూడకుండానే, "పౌడరు నేను జైనబ్ బీకి తిరిగిచ్చేస్త అత్తమ్మా," అంది. ఆ పౌడరు ఎక్కడిదో అప్పుడు తెలిసింది నాకు.

ఇక్కడితో అయిపోతే బాగుండేది. కానీ లోపలి నుంచి ఒక అరుపు వినిపించింది. బాలమణి అద్దం చూసుకుంది.

"నన్ను చంటిపోరిని జేసినవ్!" బుగ్గ మీద చుక్కను అరచేత్తో రుద్దుతుంటే అది చెవి దాకా పాకింది. "అందరి ముంగట! అందరు నవ్విన్రు! లిపిస్టిక్ పెట్టిన్నంటివి!"

"పెట్టిన్నని నేననలే బిడ్డా."

"నీతోని మాట్లాడ పో!"

మాట్లాడలేదు. అన్నం పెడితే తినేది, పిలిస్తే పలికేది కాదు. నా పక్కలో పడుకునే పిల్ల, చాప తీసుకుపోయి అమ్మ దగ్గర వేసుకుంది. ఏదైనా కావాలంటే గోడకు చెప్పేది: "ఎవలన్న నా రిబ్బన్లిస్తే మంచిగుంటది." నేను కూడా గోడకే జవాబిచ్చేదాన్ని: "ఎవలన్న గూట్ల చూస్కుంటే దొర్కుతయ్." బాధ కలగలేదా అంటే, కలిగింది. పన్నెండు నిండిన పిల్లకు అందరి ముందూ బుగ్గచుక్క అంటే చిన్న మాట కాదు. కానీ ఆ ఆదివారం మళ్ళీ వస్తే మళ్ళీ అదే వేలితో అదే చుక్క పెడతాను. ఇంకొంచెం పెద్దదే పెడతాను.

దీపావళి వెళ్ళింది. సదర్ రోజు మధ్యాహ్నం నవాబును కొట్టం ముందు నిలబెట్టారు. ఒళ్ళు నల్లరాయిలా నిగనిగలాడుతోంది. గవ్వల పట్టెడ, బంతిపూల దండలు, నెమలీకలు. గల్లీ చివర డప్పులు మొదలయ్యాయి. జనం మూగుతున్నారు. "అబ్బా, ఏమున్నడే!" అని ఒకరు, "నజర్ తగుల్తది భాయ్!" అని ఒకరు. బాలమణి పీట ఎక్కి ఆఖరిసారి కొమ్ములు తుడుస్తోంది. ఆ మాటలు విని ఆగింది. దిగింది. జనాన్ని తోసుకుంటూ నా దగ్గరికి వచ్చి నిలబడింది. నేల వైపు చూస్తూ చెయ్యి చాపింది.

"నవాబుకు దిష్టిచుక్క పెట్టాలె."

నేను బరిణె తీయబోయాను.

"కాటుక కాదు నానమ్మా. నల్లటి బుగ్గ మీద నల్ల చుక్క ఎట్ల కనవడ్తది?" కళ్ళెత్తింది. "గా లిపిస్టిక్ ఇయ్యి."

నా బొడ్డుసంచిలో వెతికి ఇచ్చాను. మూత తీసి ఒక్కసారి చూసుకుంది దాన్ని. నేను అటు తిరిగి దండ సర్దుతున్నట్టు నటించాను, కావాలంటే పెదవికి ఒక గీత గీసుకోనీ అని. గీసుకోలేదు. పీట ఎక్కి, నవాబు ముఖం పట్టుకుని, కుడి బుగ్గ మీద గుండ్రంగా రుద్దడం మొదలుపెట్టింది. ఒత్తిడికి మెత్తబడి ఆ ముక్కంతా అక్కడే అయిపోయింది. పావలా బిళ్ళంత ఎర్రటి చుక్క. నవాబు కళ్ళు మూసుకుని నిలబడ్డాడు. జనం ఈలలు వేశారు. ఆ ఏడు ఏ పోతు ముందు నడిచిందని అడిగితే పురానాపూల్ వాళ్ళు ఒకటి చెబుతారు, మేము ఒకటి చెబుతాం. ఎర్ర బుగ్గచుక్క పోతును మాత్రం అందరూ చెబుతారు.

డప్పులు దూరమయ్యాక ఖాళీ లిప్‌స్టిక్ డబ్బీ నా చేతిలో పెట్టి, నా పక్కన గడప మీద కూర్చుంది.

"అయిపోయింది," అంది.

"పోనియ్యి."

"మరి నాకు టైమెప్పుడొస్తది? నిజం చెప్పు."

"నన్ను అడగకుంట పెట్టుకున్ననాడు."

అర్థం కాలేదు దానికి. "గదేంది, అడగకుంట పెట్టుకుంటేనే గద మొన్న తుడిచినవ్!" అంది. నేను నవ్వి దాని తల నా ఒడిలోకి లాక్కుని, జడలు విప్పడం మొదలుపెట్టాను.

ఆ తర్వాత పదో తరగతి గడిచింది. కాలేజీలో చేరింది. మధ్యలో ఒక దీపావళికి కొత్త బరిణె చేతిలో పెట్టాను. కళ్ళకద్దుకుని గూట్లో పెట్టుకుంది, అంతే. ఒకరోజు పొద్దున నేను గడపలో చింతకాయలు కొడుతుంటే బస్సుకు టైమవుతోందని పుస్తకాలు ఎత్తుకుని బయటికి వచ్చింది. పెదాలు ఎర్రగా ఉన్నాయి. నా వైపు చూడలేదు, ఆగలేదు, భయపడనూ లేదు. వాకిట్లో చెప్పులు వేసుకుంటూ లీలమ్మతో ఏదో మాట్లాడుతోంది. లీలమ్మ నా వైపు చూసింది.

"బాలా," అని పిలిచాను.

తిరిగింది. "ఏంది నానమ్మా?"

"పండ్లకంటింది. జర తుడుచుకో."

నాలుకతో తుడుచుకుని, "పోయిందా?" అని పళ్ళు చూపించింది.

"పోయింది, పో," అన్నాను. బస్సుకు పరుగెత్తింది.